జంటపున్నమి పంచాంగం

1987 ఉగాదికి ప్రభవ నామ సంవత్సరం మొదలైంది. అరవై తెలుగు సంవత్సరాల వరసలో ప్రభవ మొదటిది. మా తాతయ్య పుట్టింది కూడా ప్రభవలోనే, 1927లో. అందుకని ఆ వైశాఖంలో ఆయనకు షష్టిపూర్తి చేశారు. కోనసీమలో ముమ్మిడివరం వైపున్న ఆ ఊరికి చుట్టాలంతా చేరారు. పందిళ్ళు విప్పి పెద్దవాళ్ళు ఎవరి ఊళ్ళకు వాళ్ళు వెళ్ళాక, సెలవులు అయ్యేదాకా అక్కడ మిగిలింది ఇద్దరం: ఆరో తరగతి పూర్తిచేసిన నేనూ, ఎనిమిది పూర్తిచేసిన మా పెద్దమ్మ కూతురూ. ఆమెను ఈ రోజుకీ అక్కా అనే పిలుస్తాను.

ఆ షష్టిపూర్తిలో అక్కను పట్టుకున్న సంగతి ఒకటే. పుట్టిన సంవత్సరం మళ్ళీ రావడం. మేం బళ్ళో నేర్చుకున్న సంవత్సరాలకు అంకెలే ఉండేవి. అవి పెరుగుతూ పోతాయి, వెనక్కి రావు. ఇక్కడేమో అదే పేరుతో అదే ఏడాది తిరిగొచ్చి తాతయ్య ముందు నిలబడింది.

"ఎలా వస్తుంది తాతయ్యా?" అని అడిగింది.

తాతయ్య ఎలిమెంటరీ స్కూలు మాస్టారుగా చేసి రిటైరైన మనిషి. పౌరోహిత్యం చెయ్యరు గానీ పిడపర్తివారి పంచాంగం కంఠతా వచ్చినట్టే ఉండేవారు. సాయంత్రమైతే అరుగు మీదికి ఎవరో ఒకరు వచ్చి, "మాస్టారూ, ఎల్లుండి ప్రయాణానికి వర్జ్యం ఎప్పుడండీ?" అని అడిగేవారు. ఆయన అక్క ప్రశ్నకు కూడా ఆ వచ్చినవాళ్ళకు చెప్పినంత శ్రద్ధగానే జవాబు చెప్పారు. బృహస్పతి రాశిచక్రం చుట్టి రావడానికి దాదాపు పన్నెండేళ్ళు పడుతుంది. శనికి దాదాపు ముప్పై. అరవై ఏళ్ళకు బృహస్పతి అయిదు చుట్లు తిరుగుతాడు, శని రెండు చుట్లు. ఇద్దరూ ఇంచుమించు బయల్దేరిన చోటికే చేరతారు. "అంకెలు మనుషులవి అమ్మడూ. తిరగడం మాత్రం వాళ్ళది," అన్నారు, ఆకాశం వైపు చూపించి.

మాకు అప్పటికే ఒక దేశం ఉంది. దాని పేరు జోడుకోన. అది చందమామ చదివి చదివి పుట్టిన దేశం. రాకాసిలోయ, పాతాళదుర్గం, భల్లూక మాంత్రికుడు లాంటి ధారావాహికల పాత కట్టలు మా అటక మీద ఉండేవి. వాటిని రాసింది దాసరి సుబ్రహ్మణ్యంగారని ఎన్నో ఏళ్ళ తర్వాతగానీ మాకు తెలియలేదు. పత్రికలో ఆయన పేరు వేసేవారు కాదు. మేం మాత్రం ఆ లోయలూ కోటలూ ఇంకెవరో మాకోసం కనిపెట్టిపెట్టిన చోట్లనుకుని, పక్కనే మా కోన కట్టుకున్నాం. తాతయ్య కొబ్బరి దింపుల లెక్క రాసుకునే పొడుగాటి పుస్తకంలో వెనక ఖాళీగా ఉన్న కాగితాల మీద దాని పటం ఉండేది. రెండు కొండల వరస, మధ్యలో నది, నది సముద్రంలో కలిసేచోట రేవు.

పటం ఉంది, రాజులున్నారు, ఒంటికొమ్ము మృగాలున్నాయి. తాతయ్య మాట విన్న రోజున అక్కకు అందులో ఒక కొరత కనిపించింది. ఆ దేశంలో ఈ రోజు ఏ రోజు? రాజు ఎప్పుడు పుట్టాడు? యుద్ధం ఏ నెలలో జరిగింది? మేం చదివిన కథల్లో "కొన్నాళ్ళు గడిచాక" అనే ఉండేది. అక్కకు కొన్నాళ్ళంటే ఎన్నో తేలాలి.

మొదట వేసిన లెక్క చాలా శుభ్రమైనది. ఏడాదికి నాలుగువందల రోజులు, పది నెలలు, నెలకు నలభై రోజులు. వారానికి ఎనిమిది రోజులు, కాబట్టి నెలకు అయిదు వారాలు కచ్చితంగా సరిపోతాయి. ఎక్కడా మిగులు లేదు, తరుగు లేదు. నాకు ఆ పట్టిక చూస్తే ఎంతో బాగుండేది. ఏ నెల తీసినా ఒకేలా ఉండేది. రూళ్ళకర్రతో గీసి, ఎర్రసిరాతో సెలవులు వేసి తాతయ్యకు చూపించాం.

ఆయన కళ్ళజోడు పెట్టుకుని చివరిదాకా చూసి, "మీ ఊళ్ళో వెన్నెల ఎప్పుడొస్తుంది?" అని అడిగారు.

మా దగ్గర జవాబు లేదు. ఆయన మరి ఏమీ అనలేదు. పుస్తకం తిరిగి ఇచ్చేసి పెరట్లోకి వెళ్ళిపోయారు. మేం పట్టికను పక్కన పెట్టి, మా ఊళ్ళో కాలం ఎలా నడుస్తోందో చూడడం మొదలుపెట్టాం. ఆ వేసవిలో నాకు అన్నిటికంటే బాగా గుర్తున్నది ఆ చూడడమే.

గోడమీద వెంకట్రామా క్యాలెండరు ఉండేది. దాన్ని ఎవరూ తేదీ కోసం చూసేవారు కాదు. అమ్మమ్మ పెన్సిలుతో అందులో పాల లెక్కా, చాకలికి వేసిన బట్టల లెక్కా రాసుకునేది. ఊరి కాలం ఇంకెక్కడో ఉంది. వేసవికి కాలువ కట్టేస్తారు. మళ్ళీ జూన్‌లో నీళ్ళు వదులుతారు. "కాలువ కట్టాక వచ్చాడు", "కాలువ వదిలాక ఇస్తాను" అని ఊళ్ళో సగం మాటలు దాంతోనే నడిచేవి. కొబ్బరి తోటలున్నవాళ్ళకు దింపు మరో గడియారం. నెలన్నరకో రెండు నెలలకో ఒకసారి చెట్లెక్కి కాయ దింపుతారు. "పోయిన దింపుకి" అంటే ఎన్నాళ్ళ కిందటో అందరికీ తెలుసు. గౌతమి పాయ మీద వేటకు వెళ్ళేవాళ్ళకు పోటూ పాటే లెక్క. అమావాస్యకూ పౌర్ణమికీ పోటు పెద్దది, అష్టమి నాటికి చిన్నది. వాళ్ళు తిథిని పంచాంగంలో వెతకరు, నీళ్ళలో చూస్తారు.

పొలం పనులకు కార్తెలుండేవి. సూర్యుడు ఒక్కో నక్షత్రంలో ఉండే పదమూడు పద్నాలుగు రోజులు ఒక కార్తె. అలాంటివి ఏడాదికి ఇరవై ఏడు. రోహిణి కార్తెలో రోళ్ళు పగులుతాయని అమ్మమ్మ ప్రతి మధ్యాహ్నం అంటూ ఉండేది, ఆ ఎండకు అరుగు మీద కూర్చోలేక. జూన్ మొదటివారం దాటాక మృగశిర వస్తే అందరి ముఖాలూ మబ్బు వైపు తిరిగేవి. ఇంతకంటే పొడుగు కాలానికి పుష్కరాలు ఉన్నాయి. బృహస్పతి సింహరాశిలోకి వచ్చినప్పుడు గోదావరికి పుష్కరం. 1979లో ఒకసారి వచ్చింది, మళ్ళీ 1991లో రావాలి. అమ్మమ్మ తన పెళ్ళి ఎప్పుడైందో ఏ ఏడూ చెప్పేది కాదు, ఏ పుష్కరానికి ముందో చెప్పేది.

అంతకు ముందు ఏడే వరద వచ్చింది. 1986 ఆగస్టులో ధవళేశ్వరం దగ్గర ప్రవాహం 35 లక్షల క్యూసెక్కులు దాటింది. మా అరుగు పక్క గోడకు నీళ్ళు ఎంత ఎత్తు వచ్చాయో చెప్పే బురదగీత ఇంకా ఉండేది. సున్నం వేసేటప్పుడు ఆ గీతను మాత్రం వదిలెయ్యమని తాతయ్య చెప్పారట. ఊళ్ళో అప్పటికే అన్నిటికీ "వరదకి ముందు, వరద తర్వాత" అనే కొలత వచ్చేసింది. దూడ పుట్టిందీ, కోడలు కాపురానికొచ్చిందీ, పాక కట్టిందీ అన్నీ ఆ గీతకు అటూ ఇటూ ఉండేవి. శకం మొదలవడం అంటే ఇదేనని తాతయ్య అన్నారు. శాలివాహనుడి పేరుతో మనం లెక్కపెట్టే శకం కూడా ఎవరికో ఎప్పుడో ఇలా మొదలైనదేనన్నారు. జోడుకోనలో వెల్లువ శకం పుట్టింది ఆ సాయంత్రమే.

మాకు బట్టలు కుట్టే సాయిబుగారి దగ్గర మరో సంగతి తెలిసింది. ఆ ఏడు రంజాన్ పండుగ మే నెలాఖరుకు వచ్చింది. ఎండల్లో ఉపవాసాలు కష్టం కాదా అని అక్క అడిగితే, "ఎప్పుడూ ఎండల్లోనే ఉండదమ్మా, ఏడాదికి పదిపదకొండు రోజులు ముందుకు జరుగుద్ది. నేను చలికాలంలో ఉన్నాను, వానాకాలంలో ఉన్నాను," అని చెప్పారు. చంద్రుడి పన్నెండు నెలలు కలిపితే 354 రోజులు. సూర్యుడి ఏడాది 365. ఆ తేడాను సర్దకుండా వదిలేస్తే పండుగ రుతువులన్నీ తిరుగుతుంది. మన పంచాంగం రెండున్నరేళ్ళు దాటాక ఒక అధికమాసం చేర్చి ఆ తేడాను సర్దుతుంది. అందుకే దీపావళి ఎప్పుడూ వానలు వెనకబట్టాకే వస్తుంది. సాయిబుగారి చంద్రుడూ మా తాతయ్య చంద్రుడూ ఒక్కడే. అయినా ఒకరి పండుగ నడుస్తుంది, ఒకరి పండుగ నిలుస్తుంది. ఇది నాకు అప్పుడు గొప్ప ఆశ్చర్యం. ఇప్పటికీ ఆశ్చర్యమే.

ఇవన్నీ విన్నాక మా నలభై రోజుల నెలలు మాకే నచ్చలేదు. ఆ దేశంలో చూడ్డానికి ఆకాశమే లేదు. అక్క అన్నీ కొట్టేసి, జోడుకోనకు ఇద్దరు చంద్రుల్ని ఇచ్చింది.

పెద్దచంద్రుడికి పున్నమి నుంచి పున్నమికి ముప్పయ్యారు రోజులు. ముప్పైకి దగ్గరగా పెడితే మన చంద్రుడే అయిపోతాడని తాతయ్య వద్దన్నారు. చిన్నచంద్రుడికి పది రోజులు, వేళ్ళ మీద లెక్కపెట్టుకునేలా. ఏడాది మాత్రం పాత నాలుగువందలే. మొదటిరోజు ఇద్దరికీ పున్నమి అని పెట్టుకుని, మళ్ళీ ఇద్దరూ కలిసి ఎప్పుడు నిండుతారో చూడాలి. అక్కకు క.సా.గు. అంటే మంచి పట్టు. ముప్పయ్యారుకూ పదికీ క.సా.గు. నూటఎనభై. నూటఎనభై రోజులకోసారి జంటపున్నమి. ఆ రాత్రి బయట నిలబడితే ప్రతి మనిషికీ రెండు నీడలు పడతాయి. ఇద్దరు చంద్రులూ కలిసి లాగడంతో సముద్రం రేవులోకి ఎక్కి వస్తుంది. లోతట్టు దారి మునుగుతుంది. అందుకని ముందురోజే ఊరంతా చేరి పడవలు పక్కపక్కన కట్టి వంతెన వేస్తారు. అదే వంతెన పండుగ. ఈ పండుగ అక్క కల్పించింది కాదు, లెక్క కల్పించింది. అంతకు ముందు మేం పెట్టిన ఎర్రసిరా సెలవులకు ఏ కారణమూ లేదు. దీనికి కారణం ఉంది, దానికి తగిన పని ఉంది, పని చెయ్యకపోతే వచ్చే ముప్పూ ఉంది.

ఇక నెలల సంగతి. పెద్దచంద్రుడి నెలలు పదకొండైతే 396 రోజులు. ఏడాదికి నాలుగు రోజులు మిగులు. ఆ నాలుగూ తొమ్మిదేళ్ళు దాచిపెడితే ముప్పయ్యారు రోజులు, అంటే కచ్చితంగా ఒక నెల. తొమ్మిదేళ్ళకోసారి పన్నెండో నెల వస్తుంది. అప్పటికి సరిగ్గా వంద నెలలు, ఇరవై జంటపున్నములు, 3600 రోజులు. అన్నీ ఒకేసారి మొదటికి చేరతాయి. ఈ సంగతి తేలిన మధ్యాహ్నం అక్క పెన్సిలు కింద పెట్టి లేచి వసారాలో అటూ ఇటూ నడిచింది. మేం పెట్టుకున్న మూడు అంకెలకు ఇలాంటి పొత్తు ఉందని మాకు అప్పటిదాకా తెలియదు. తొమ్మిదేళ్ళకు తొమ్మిది పేర్లు పెట్టుకున్నాం. వాటిలో మొదటి పేరు తాతయ్యది.

నెలల పేర్లు పొలాన్నీ వాననూ చూసి పెట్టాం: చినుకు, వెల్లువ, నాచు, కంకి, మంచు, నెగడు, ఆకురాలు, చిగురు, పూత, పిందె, దుమ్ము. ఫ్రెంచి విప్లవకారులు 1793లో తమ కొత్త క్యాలెండరుకు పొగమంచు నెల, మంచు నెల, పూల నెల అని ఇలాగే పెట్టుకున్నారని కాలేజీలో చదివినప్పుడు నేను పొంగిపోయాను. పన్నెండో నెలకు పేరు పెట్టలేదు. పేరులేని నెలలో అప్పు అడగకూడదు, తీర్చమని ఒత్తిడి చెయ్యకూడదు, పాత తగాదా ఎత్తకూడదు. ఈ నియమాలన్నీ అక్కవి.

ఆ ఏడు సెలవులు అయిపోతుండగా ఆమెకు మరో సంగతి కనిపించింది. ఇద్దరు చంద్రులూ కలిసి నిండే రాత్రి ఉంది సరే, ఇద్దరూ కలిసి మాయమయ్యే రాత్రి ఏది? పట్టికలో వేలు పెట్టి వెతికాం. పెద్దచంద్రుడి అమావాస్యలు పద్దెనిమిదో రోజున, యాభైనాలుగో రోజున, తొంభయ్యో రోజున వస్తున్నాయి. చిన్నచంద్రుడివి అయిదు, పదిహేను, ఇరవై అయిదు, యాభై అయిదు. యాభైనాలుగూ యాభై అయిదూ పక్కపక్కనే ఉన్నాయి, కలవలేదు. నూటఎనభై రోజుల దాకా వెళ్ళాం. ఎక్కడా కలవలేదు. తాతయ్యకు చూపిస్తే ఆయన ఒక్క నిమిషంలో తేల్చేశారు. పెద్దవాడి అమావాస్య ఎప్పుడూ సరిసంఖ్య రోజున, చిన్నవాడిది ఎప్పుడూ బేసిసంఖ్య రోజున. "సరీ బేసీ ఎన్నటికీ కలవవు. మీ దేశంలో నిండు చీకటి లేదు."

అక్క ఆ రాత్రి సరిగా అన్నం తినలేదు. అంత బాగా కుదిరిన లోకంలో ఒక రాత్రి రానే రాదన్న సంగతి ఆమెను వదల్లేదు. తర్వాత విశాఖపట్నం నుంచి ఇన్‌లాండ్ ఉత్తరం రాసింది. జోడుకోన ప్రజలు ఆ రాత్రి కోసం ఎదురుచూస్తున్నారట. పెద్ద కొండ మీద ఒక గుడి ఉందట, అక్కడ ఎప్పుడూ దీపం పెట్టరట, జంట అమావాస్య వచ్చిన రాత్రే మొదటి దీపం వెలిగించాలని ఒత్తి నూనెలో వేసి ఉంచారట. నూనె ఆరిపోతే మళ్ళీ పోస్తారట, ఒత్తి మాత్రం ముట్టించరట. నేను ఎన్నో నవలలు చదివాను గానీ, ఒక ఊహాలోకం నిజంగా బతికి ఉందని నాకు అనిపించింది ఆ ఉత్తరం చదివినప్పుడే. రాజులూ మృగాలూ మేం పెట్టినవి. ఆ ఎదురుచూపు మాత్రం ఆకాశంలోంచి వాళ్ళకు వచ్చింది.

1988 వేసవికి మళ్ళీ ఊరు చేరాం. ఈసారి రంజాన్ మే నడిమికే వచ్చేసింది, సాయిబుగారు చెప్పినట్టే. సరిగ్గా అప్పుడే పెళ్ళిబాజాలు కూడా ఆగిపోయాయి. ఆ ఏడు అధిక జ్యేష్ఠం. మే నడిమి నుంచి జూన్ నడిమి దాకా అధిక జ్యేష్ఠం, తర్వాత నిజ జ్యేష్ఠం. ఏ చాంద్రమాసంలో సూర్యుడు కొత్త రాశిలోకి అడుగుపెట్టడో ఆ నెల అధికం. శుభకార్యాలు ఉండవు. పుస్తకంలో మేం కల్పించుకున్న పేరులేని నెల ఇప్పుడు ఊరంతా నడుస్తోంది. పెళ్ళిళ్ళు ఆగాయి గానీ కార్తెలు ఆగలేదు. రోహిణి దాటి మృగశిర తన వేళకే వచ్చింది. పెళ్ళికి చంద్రుడు కావాలి, విత్తనానికి సూర్యుడు చాలునని తాతయ్య చెప్పారు.

నిండు చీకటి సంగతి అక్క మరిచిపోలేదు. ఏ దారీ లేదా అని ఆయన్నే మళ్ళీ అడిగింది. తాతయ్య ఆమెను రాత్రి డాబా మీదికి తీసుకెళ్ళారు, నేనూ వెళ్ళాను. నక్షత్రాలు రోజూ ఒకే వేళకు ఉదయించవని, రోజుకు దాదాపు నాలుగు నిమిషాలు ముందుగా వస్తాయని, ఆ నాలుగేసి నిమిషాలు చేరి చేరి ఏడాదికి ఒక రోజంతా అవుతుందని చెప్పారు. నిజం ఆకాశంలో ఏదీ పూర్ణసంఖ్య కాదన్నారు. చంద్రుడి నెల ఇరవై తొమ్మిదిన్నర రోజుల మీద మరికాస్త. తిథి అంటే చంద్రుడు సూర్యుడి నుంచి పన్నెండు డిగ్రీలు జరగడానికి పట్టే కాలం. అది ఒకసారి పంతొమ్మిది గంటలే, ఇంకోసారి ఇరవై ఆరు గంటల దాకా. అందుకే ఒక్కో తిథి సూర్యోదయాన్ని చూడకుండానే పోతుంది, ఒక్కోటి రెండు సూర్యోదయాలు చూస్తుంది. "మీ చిన్నవాణ్ణి చుట్టుకి నాలుగు నిమిషాలు తొందరపెట్టి చూడండి," అన్నారు.

తెల్లారాక లెక్క వేశాం. తొమ్మిదేళ్ళకు 3600 రోజులు. చిన్నచంద్రుడు 360 చుట్లు తిరుగుతాడు. చుట్టుకు నాలుగు నిమిషాలు. 1440 నిమిషాలు. ఒక రోజు.

తొమ్మిదేళ్ళ ఆవృత్తి ముగిసేసరికి చిన్నచంద్రుడు ఒక రోజు ముందుకు జరిగి ఉంటాడు. అతని అమావాస్యలు సరిసంఖ్యల మీదికి వస్తాయి. కొత్త ఆవృత్తిలో యాభైనాలుగో రాత్రి ఇద్దరూ లేరు. కొండమీద ఒత్తి వెలుగుతుంది. దానికి బదులుగా ఆ తొమ్మిదేళ్ళూ జంటపున్నమి ఉండదు, వంతెన కట్టనక్కరలేదు. ఆ తర్వాతి తొమ్మిదేళ్ళు మళ్ళీ వెలుగు. వెలుగు తొమ్మిదేళ్ళు, చీకటి తొమ్మిదేళ్ళు. పదేళ్ళ పిల్లకు జంటపున్నమి తెలియదు, ముసలమ్మకు తెలుసు. వంతెన ఎలా కట్టాలో చూసినవాళ్ళు చూడనివాళ్ళకు నేర్పాలి. మేం కథ కోసం పాకులాడలేదు. నాలుగు నిమిషాలకు ఇంత కథ పుట్టింది. ఆవృత్తి మొదటి రోజుగా ఆ అధిక జ్యేష్ఠ పౌర్ణమిని, 1988 మే 31ని పెట్టుకున్నాం.

మాకు పేచీ వచ్చింది ఏడాదికి మిగిలే నాలుగు రోజుల దగ్గర. వాటిని దాచి తొమ్మిదేళ్ళకు నెల చెయ్యాలని నేను. ఏ ఏటి నాలుగు రోజులు ఆ ఏడే, ఏ నెలకూ ఏ వారానికీ చెందకుండా, ఊరికే ఖాళీగా వదిలెయ్యాలని అక్క. రెండు రోజులు మాట్లాడుకోలేదు. అమ్మమ్మ తీర్పు చెప్పింది: "కొండ మీదవాళ్ళకి ఒకటి, రేవులో వాళ్ళకి ఒకటి పెట్టుకోండి. మన దగ్గర లేవా?" నిజమే, ఉన్నాయి. ఉత్తరాదిన పౌర్ణమితో నెల ముగిస్తారు, మనం అమావాస్యతో ముగిస్తాం. బహుళపక్షం వచ్చేసరికి వాళ్ళ నెల పేరు వేరు, మన నెల పేరు వేరు. తమిళుల ఏడాది ఏప్రిల్‌లో సూర్యుణ్ణి చూసి మొదలవుతుంది. అలా జోడుకోనలో రెండు పంచాంగాలు వెలిశాయి. కొండ పిల్లకూ రేవు పిల్లాడికీ పెళ్ళి కుదిరితే ముహూర్తం పెట్టడానికి ఎన్ని గొడవలవుతాయో రాయడానికే మిగిలిన వేసవి సరిపోయింది.

అప్పట్లో పొద్దున్నే రేడియో పెట్టగానే ఆకాశవాణివాళ్ళు శకసంవత్సరం తేదీ చెప్పేవారు. అది 1957 మార్చి 22 నుంచి మన ప్రభుత్వం వాడుకలోకి తెచ్చిన జాతీయ పంచాంగం. మేఘనాథ్ సాహా అధ్యక్షుడుగా 1952లో వేసిన సంఘం తయారుచేసింది. దేశంలో ముప్పై దాకా పంచాంగాలు నడుస్తున్న రోజుల్లో అందరికీ ఒకటి ఉండాలని, ఏ నెల ఎన్ని రోజులో మారకుండా, సూర్యుడి రుతువులకు అతికేలా ఎంతో నిజాయితీగా చేశారు. ఆ లెక్క ఎంత శుభ్రంగా ఉందో పెద్దయ్యాక చదివి గౌరవించాను. మా ఊళ్ళో మాత్రం రేడియో చెప్పిన ఆ తేదీ వినపడగానే గాలిలో కలిసిపోయేది. దాని కోసం ఎదురుచూసే పనీ పండుగా ఎవరికీ లేవు. మా తాతయ్య ఒక్కరే ఆ తేదీ వినేవారు, విని అవునన్నట్టు తల ఊపేవారు.

ఉద్యోగంలో చేరాక గానీ నేను టోల్కీన్ రాసిన ‘ద లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ చదవలేదు. 1955లో వచ్చిన మూడో సంపుటం చివర అనుబంధాలున్నాయి. వాటిలో ఒకటి పూర్తిగా ఆ లోకపు క్యాలెండర్ల గురించే. షైర్ అనే సీమలో ఉండే హాబిట్లకు పన్నెండు నెలలు, ఒక్కో నెలకు ముప్పై రోజులు. మిగిలిన అయిదు రోజులు ఏ నెలలోనూ చేరవు. నడిచలిలో రెండు, నడివేసవిలో మూడు. ఆ మూడిట్లో మధ్యదాన్ని వారంలోంచి కూడా తీసేశారు. అప్పుడు మిగిలేది 364, అంటే సరిగ్గా యాభైరెండు వారాలు. ప్రతి తేదీ ప్రతి ఏడూ అదే వారాన వస్తుంది. నాలుగేళ్ళకోసారి వచ్చే అదనపు రోజు కూడా వారం బయటే. ఆ పుటలు చదువుతుంటే నాకు ఒళ్ళు పులకరించింది. కొబ్బరి లెక్కల పుస్తకంలో అక్క పోట్లాడి సాధించిన రేవు పద్ధతి ఇదే. ఎక్కడో ఆక్స్‌ఫర్డ్‌లో కూర్చుని, భాషలు కనిపెట్టి, వంశవృక్షాలు రాసి, అప్పటికీ తృప్తి లేక ఆ ఖాళీ రోజుల దాకా వచ్చిన ఆయన మీద నాకు ఎంతో ప్రేమ కలిగింది. కథ అయిపోయాక కూడా తన లోకంలో రేపు ఏ వారమో తేల్చుకోకుండా ఆయన ఊరుకోలేకపోయాడు.

వెంటనే అక్కకు ఫోన్ చేశాను. అంతా విని, "చంద్రుడి సంగతేం చేశారు వాళ్ళు?" అని అడిగింది. నెలల లెక్కలో చంద్రుడు లేడని చెప్పాను. "మరైతే వాళ్ళకి మన కొండ పంచాంగం తెలీదన్నమాట," అంది. అప్పుడెప్పుడో రెండు రోజులు మాట మానేసి మరీ కాదన్న నా పద్ధతిని మొదటిసారి మన పంచాంగం అంది.

ఆ కొబ్బరి లెక్కల పుస్తకం ఇప్పుడు అక్క దగ్గరే ఉంది. తాతయ్య పోయాక ఆమె తీసుకుంది. ఈ మధ్య నాలుగు నిమిషాల లెక్క నన్ను మళ్ళీ మొదటినుంచి వేసి పంపమంది, పిల్లలకు చూపించాలని. వేశాను. మేం 1988లో ఆగిన చోటికంటే ముందుకు వెళితే మరో సంగతి తేలింది. చిన్నచంద్రుడు ఆవృత్తికి ఒక్క రోజు చొప్పున ముందుకు జరుగుతూ, తన పది రోజులూ నిండి, అన్నీ నిజంగా మొదటికి రావడానికి జోడుకోనలో తొంభై ఏళ్ళు పడుతుంది. మనకు అరవై, వాళ్ళకు తొంభై.

మొదటి ఆవృత్తి, వెలుగుది, మన లెక్కలో 1998 ఏప్రిల్ 9న ముగిసింది. కొండమీద మొదటి దీపం ఆ ఏడు జూన్ 2 రాత్రి వెలిగింది. 2008 ఫిబ్రవరి 16 నుంచి మళ్ళీ వెలుగు తొమ్మిదేళ్ళు. 2017 డిసెంబరు 25 నుంచి చీకటి తొమ్మిదేళ్ళు. ఇప్పుడు అక్కడ అదే నడుస్తోంది. తర్వాతి ఆవృత్తి 2027 నవంబరు 3న మొదలవుతుంది. అప్పటికి చిన్నచంద్రుడు నాలుగు రోజులు ముందుకొచ్చి ఉంటాడు కనక, నలభయ్యో రోజున రావలసిన అతని పున్నమి ముప్పయ్యారో రోజునే వచ్చి పెద్దచంద్రుడి పున్నమితో కలుస్తుంది. అంటే 2027 డిసెంబరు 9, జంటపున్నమి. పడవలు ముందురోజే కట్టాలి కాబట్టి ఎనిమిదో తేదీకే ఊరు చేరమని అక్క చెప్పింది. పిల్లలకు సెలవు పెట్టించే బాధ్యత నాది.